ముందు ఏది చూడాలి: ‘ఫాంటమ్ క్యారేజ్’ ఆ, ‘జోన్ ఆఫ్ ఆర్క్’ ఆ?

భక్తి, పశ్చాత్తాపం మీద వచ్చిన మూకీల్లో ఒక్కటి చూస్తానంటే చాలామంది డ్రేయర్ తీసిన ‘ది ప్యాషన్ ఆఫ్ జోన్ ఆఫ్ ఆర్క్’ (1928) పేరే చెబుతారు. నేను మాత్రం 1921లో స్వీడన్‌లో వచ్చిన ‘ది ఫాంటమ్ క్యారేజ్’ ముందు చూడమంటాను.

జోన్ గొప్పది కాదని కాదు. ఇంగ్లీషువాళ్ల మీద పోరాడిన ఫ్రెంచ్ అమ్మాయి జోన్‌ను మతద్రోహి అంటూ 1431లో ఫ్రాన్స్‌లోని రువాన్‌లో జరిపిన విచారణ రికార్డుల మీద అల్లిన కథ, జోన్‌గా వేసిన నటి ఫాల్కనెట్టి మేకప్ లేని ముఖం మీదే దాదాపు మొత్తం నడుస్తుంది. సజీవంగా కాల్చేస్తారన్న భయంతో జోన్ తప్పు ఒప్పుకుంటూ సంతకం పెట్టేస్తుంది, తర్వాత జైల్లో గుండు గీసి, ఆ వెంట్రుకలతో పాటు ఆమె అల్లుకున్న గడ్డి కిరీటాన్ని కూడా చీపురుతో ఊడ్చేస్తుంటే చూసి, ఆ ఒప్పుకోలు వెనక్కి తీసుకోవడానికి జడ్జీలను మళ్లీ పిలవమంటుంది. ఆ ఒక్క సీన్ చాలు. కానీ ఆమె పడిపోయింది కాసేపే, పైగా 1920లోనే చర్చి సెయింట్ అని ప్రకటించిన మనిషి, మనం దండం పెట్టగలం గానీ ఆమె చోట మనల్ని ఊహించుకోలేం.

‘ఫాంటమ్ క్యారేజ్’లో హీరో డేవిడ్ హోల్మ్ అలా కాదు. తాగుబోతు, క్షయ ఉండి కావాలనే జనం ముఖాల మీద దగ్గే రకం. మన దగ్గర రక్షణ సైన్యం అంటారే, ఆ సాల్వేషన్ ఆర్మీలో పనిచేసే ఎడిత్ రాత్రంతా కూర్చుని అతని చిరిగిన కోటు కుడితే, పొద్దున్నే ఆమె కళ్లముందే ఆ కుట్లన్నీ చింపేస్తాడు. ఆ కోటు నుంచే ఆమెకూ జబ్బు అంటుకుంటుంది. డిసెంబర్ 31 రాత్రి ఆఖరున చనిపోయినవాడు ఏడాదంతా మృత్యువు బండి తోలాలన్నది కథలో నమ్మకం, దాన్ని డబుల్ ఎక్స్‌పోజర్‌తో (ఒకే ఫిల్మ్ మీద రెండు దృశ్యాలు పడేలా) తీసిన తీరు ఇప్పటికీ ఒళ్లు జలదరింపజేస్తుంది. దర్శకుడు విక్టర్ షోస్ట్రోమే హోల్మ్‌గా వేశాడు.

ఒక్కటే నచ్చలేదు: అన్నేళ్లు నరకం చూసిన భార్య అంత త్వరగా ఎలా క్షమించింది? ముగింపు తొందరపడినట్టే ఉంటుంది. అయినా మారడం కుదరదనిపించే మనిషిని చూపించి, అతని కోసం ప్రార్థించడానికి మనకే మనసు రాకుండా చేసి, ఆ తర్వాత మార్చింది ఇదే.

జోన్‌ను ఇంకో రాత్రికి ఉంచుకోండి, ఫోన్ పక్క గదిలో పెట్టి.