ఒజు సినిమానా, నరుసె సినిమానా: ముందు ఏది చూడాలి?

పెద్దలు కుదిర్చే పెళ్లి, మెడకు చుట్టుకున్న బాధ్యత. ఈ రెండింటి మీద జపాన్ మూకీ సినిమా ఏదైనా చెప్పమంటే నాకు రెండు గుర్తొస్తాయి. ఒకటి యసుజిరో ఒజు 1932లో తీసిన ‘యౌవనపు కలలు ఇప్పుడెక్కడ’. రెండోది మికియో నరుసె 1934లో తీసిన ‘అంతులేని బాట’. రెండూ షొచికు సంస్థవే, రెండూ గంటన్నర దరిదాపుల్లో అయిపోతాయి.

ఒజు సినిమాలో హొరినో ధనవంతుల బిడ్డ. వచ్చిన సంబంధాన్ని తప్పించుకోవడానికి తాగినవాడిలా ప్రవర్తించి పెళ్లికూతురిని బెదరగొడతాడు. ఆ భాగం సరదాగా సాగుతుంది. తండ్రి పోయాక హొరినో కంపెనీ కుర్చీలో కూర్చుంటాడు, కాలేజీ స్నేహితులు అతని దగ్గరే ఉద్యోగాల్లో చేరతారు. అసలు సినిమా అక్కడ మొదలవుతుంది. బేకరీలో పనిచేసే ఒషిగెని పెళ్లి చేసుకుంటానని అతను చెబితే ఎవరూ నోరు విప్పరు. ఆమెతో అప్పటికే పెళ్లి కుదిరిన సైకి కూడా తల వంచుకుంటాడు. ఎందుకంటే అతను తినే అన్నం హొరినో పెట్టింది. జపాన్‌వాళ్లు ‘గిరి’ అనే ఆ రుణభారాన్ని ఇంత సూటిగా చూపించిన సన్నివేశం నేను మరొకటి చూడలేదు. మాటల్లేని సినిమాలో ఆ మౌనం ఇంకా బరువుగా అనిపిస్తుంది.

కానీ ఒషిగె సంగతేమిటి? కినుయో తనకా లాంటి నటి ఉండి కూడా, ఆమె మనసు నాలుగు ముక్కల్లో తేలిపోతుంది. తగువు, రాజీ రెండూ మగవాళ్ల మధ్యే జరుగుతాయి.

నరుసె సరిగ్గా అక్కడే నాకు నచ్చుతాడు. టోక్యోలోని గింజా ప్రాంతంలో ఒక టీ కొట్టులో పనిచేసే సుగికో, తనను కారుతో గుద్దిన పెద్దింటి అబ్బాయినే పెళ్లాడుతుంది. కథలో ఇలాంటి యాదృచ్ఛికాలు ఎక్కువే, సినిమా తారగా మారే స్నేహితురాలి కథ కూడా కొంత సాగుతుంది. అయితే అత్త, ఆడపడుచు ఆమెను చూసే చూపుల్ని, కెమెరా ఒక్క ఉదుటున ముఖాల దగ్గరికి దూసుకెళ్లే తీరుని మరిచిపోలేం. భర్త మంచివాడే, వెన్నెముకే లేదు. తాగుడులో పడి, కారు ప్రమాదంలో ఆసుపత్రి పాలవుతాడు. అతని మంచం పక్కనే సుగికో అత్తగారితో తేల్చి చెబుతుంది: మీరు ప్రేమించింది కొడుకుని కాదు, ఇంటి పేరుని.

స్నేహం ఎలా చెడుతుందో చూడాలంటే ఒజు. పెళ్లి, బాధ్యత గురించే అయితే ముందు నరుసె, సందేహం లేదు. ఇది ఆయన ఆఖరి మూకీ. ఆసుపత్రి నుంచి బయటికొచ్చిన సుగికో ఏ పెద్దింటి గడపా తొక్కదు, మళ్లీ ఆ టీ కొట్టులోనే పనికి చేరుతుంది.