పిట్ట గోళ్ల కిట్: కత్తెర కొనండి, తొడుగు పారేయండి

బెంగళూరు శివాజీనగర్‌లో రస్సెల్ మార్కెట్ దగ్గర ఓ పిట్టల షాపులో కొన్నాను, 350 రూపాయలు. చిన్న కత్తెర, ఆకురాయి, డబ్బీలో స్టిప్టిక్ పౌడర్ (రక్తం ఆపే పొడి), బోనులో కర్రకి చుట్టే గరుకు కాగితం తొడుగు, ఇదీ కిట్. మా ఇంట్లో చిట్టి అని ఓ కాకటీల్ ఉంది, చిలక జాతి చిన్న పిట్ట, దాని గోళ్లు టవల్ పోగుల్లో చిక్కుకోవడం మొదలయ్యాక ఇక తప్పలేదు.

కత్తెర మాత్రం భేష్. అంచులో అర్ధచంద్రంలా గాడి ఉంటుంది, గోరు అందులో కూర్చుంటుంది, జారదు. మన నెయిల్ కట్టర్ అయితే గుండ్రటి గోరుని రెండువైపులా నొక్కేస్తుంది, ఒక్కోసారి గోరు చీలిపోతుంది కూడా. కాకపోతే పిడి రంధ్రాలు మరీ చిన్నవి, మా ఆయన వేళ్లు దూరవు, అందుకే కోయడం నా డ్యూటీ, పట్టుకోవడం ఆయన డ్యూటీ.

పట్టుకోవడం అంటే గుర్తొచ్చింది, అట్టపెట్టె మీద పిట్టని గుప్పిట్లో బిగించి పట్టుకున్న ఫొటో వేశారు, అది చూసి అలా చేయకండి బాబూ. పిట్టలకి మనలా డయాఫ్రమ్ (ఊపిరి ఆడించే కండరం) ఉండదు, రొమ్ము కదిలితేనే ఊపిరి ఆడుతుంది, అక్కడ నొక్కితే ప్రాణం మీదికే వస్తుంది. పల్చటి టవల్‌లో వదులుగా చుట్టి, తలకి అటూ ఇటూ వేళ్లు పెట్టి ఆపితే చాలు. చిట్టి జుట్టు వెనక్కి అణిచి బుస కొడుతుంది, టవల్ అంచు కొరుకుతుంది, కొరకనివ్వండి, మీ వేలు కంటే టవల్ నయం కదా. మరీ నోరు తెరిచి ఎగశ్వాస పెడితే మాత్రం వెంటనే వదిలేయండి, మిగతా గోళ్లు రేపు చూసుకోవచ్చు.

గోరు లోపల రక్తనాళం, నరం ఉంటాయి. లేత రంగు గోరైతే ఫోన్ టార్చ్ వెలుగులో గులాబీ గీతలా కనిపిస్తుంది, దానికి బాగా ఇవతలే, వంకర తిరిగిన కొన మాత్రం కోయాలి. నల్ల గోళ్లలో ఏమీ కనపడదు కాబట్టి ఇసుమంత ఇసుమంతగా, లేదా ఆకురాయితో. ఈ కిట్‌లో ఆకురాయి పర్వాలేదు.

పౌడర్ పనిచేస్తుంది. చిట్టి కాలు గుంజుకుని చుక్క రక్తం వచ్చినప్పుడు చిటికెడు అద్ది నొక్కి పట్టుకుంటే ఆగిపోయింది. కానీ డబ్బీ మూత వదులు, మన బెంగళూరు వానలకి గడ్డకట్టింది, వేరే సీసాలోకి మార్చాను. గోరు కొనకే వాడాలి, చర్మం మీద గాయాలకి వద్దు, మండుతుంది. అది లేకపోతే కార్న్‌ఫ్లోర్ పనికొస్తుంది. ఏదైనా సరే, కత్తెర పట్టుకునే ముందే మూత తీసి పక్కన పెట్టుకోండి. ఎంతకీ రక్తం ఆగకపోతే డాక్టర్ దగ్గరికే.

ఇక ఆ గరుకు తొడుగు శుద్ధ దండగ. పిట్ట కూర్చున్నప్పుడు గోరు కొన ఆ కాగితానికి సరిగ్గా తగలనే తగలదు, అరికాళ్లు మాత్రం ఒరుసుకుపోయి పుళ్లు పడతాయి. తీసేసి, మందు కొట్టని జామకొమ్మలు లావువి, సన్నవి కడిగి ఆరబెట్టి పెట్టాను, చిట్టికి బెరడు పీకడం అదనపు కాలక్షేపం.

ఇంకోటి, గోళ్లు ఉన్నట్టుండి విపరీతంగా పెరిగినా, ముక్కు కూడా సాగినా కత్తెరతో సరిపెట్టకండి. ముఖ్యంగా షాపుల్లో లవ్ బర్డ్స్ అని అమ్మే బడ్జీల్లో అది కాలేయం జబ్బు కావచ్చు. పక్షులను చూసే వెట్ కావాలి, హెబ్బాళలో వెటర్నరీ కాలేజీ ఆసుపత్రి ఉంది.

కత్తెరకి 5కి 4, పౌడర్‌కి 3, తొడుగుకి సున్నా. షాపులో కత్తెర, పౌడర్ విడిగా ఇస్తారేమో అడగండి, ముందు కుదరదంటారు, కాస్త నిలబడితే ఇస్తారు.