చెన్నైలో కాలశిల్పుల కోసం: చూడదగినవి, ఉండదగినవి

కాలాన్ని సాగదీయగల, మడిచి దాచగల శిల్పుల శ్రేణి (చేతిపనివాళ్ళ సంఘం) ఒకటి ఉన్నట్టు, అందులో ఒక కుర్రవాడు శిష్యరికానికి చేరినట్టు ఊహించి రాస్తున్న నవలకు సామగ్రి వెతుక్కుంటూ చెన్నై వెళ్ళాను. శిష్యరికపు నియమాల కోసమైతే ఊరు కదలనక్కరలేదు. పని నేర్చుకోవడానికి వచ్చినవాడు గడువు నిశ్చయించుకొని గురువు ఇంట్లోనే ఉండాలని, గురువు అతనికి అన్నం పెట్టి కొడుకులా చూడాలే తప్ప వేరే చాకిరీ చేయించకూడదని, విద్య ముందే పట్టుబడినా గడువు తీరేదాకా శిష్యుడు కదలరాదని, అంతవరకు అతని చేతిపని ఫలం గురువుదేనని ప్రాచీన ధర్మశాస్త్ర గ్రంథం నారద స్మృతి చెబుతుంది. నాకు కావలసింది పనిముట్లు, వాటిని పట్టే చేతులు. ఒకప్పుడు దేశంలో రైళ్ళు నడిచింది మదరాసు కాలం ప్రకారమే కనుక ఈ ఊరిని ఎంచుకున్నాను.

నుంగంబాక్కంలో కాలేజీ రోడ్డు మీది ప్రాంతీయ వాతావరణ కేంద్రం ఆవరణలో, 1792లో ఈస్టిండియా కంపెనీ నెలకొల్పిన వేధశాల తాలూకు రాతిస్తంభం ఉంది. నక్షత్రాల గమనాన్ని కొలిచే పరికరాన్ని దీని మీదే నిలిపేవారు. దానిపై తమిళంతోపాటు తెలుగులోనూ శాసనం చెక్కారన్న సంగతి మనవాళ్ళలో ఎందరికి తెలుసో మరి. మదరాసు గ్రీనిచ్ కంటే 5 గంటల 21 నిమిషాల 14 సెకన్లు ముందున్నదని 1802లో ఇక్కడి ఖగోళ శాస్త్రవేత్త జాన్ గోల్డింగ్‌హామ్ లెక్క తేల్చింది ఈ వేధశాలలోనే. 1906లో దేశమంతటికీ అయిదున్నర గంటల ప్రామాణిక కాలం వచ్చినప్పుడు మదరాసు లెక్కకు 8 నిమిషాల 46 సెకన్ల తేడా ఏర్పడింది. నా నవలలోని శ్రేణి ఆ తేడానే మూలధనంగా దాచుకుంది. పంచాంగకర్తల కుటుంబం నుంచి వచ్చి, ఇక్కడ సహాయకుడిగా పనిచేస్తూ 1867లో ఆర్ రెటిక్యులీ అనే చరకాంతి నక్షత్రాన్ని (వెలుగు హెచ్చుతగ్గులయ్యే నక్షత్రాన్ని) కనుగొన్న చింతామణి రఘునాథాచార్యులు నా గురువు పాత్రకు ఒరవడి. ఇది పని జరిగే ప్రభుత్వ కార్యాలయం కనుక ముందుగా అనుమతి అడిగి, పనిదినాన వెళ్ళడం మంచిది. టిక్కెట్టు, గైడు వంటి సదుపాయాలను ఆశించకూడదు. అయినా ఈ ప్రయాణంలో ఒక్క చోటుకే వీలైతే ఇక్కడికే వెళ్ళమంటాను.

నగరపాలక సంస్థ కార్యాలయమైన రిప్పన్ భవనం గడియారం 1913 నాటిది, రోజూ కీ ఇస్తే నడిచే యంత్రం. పక్కనే ఉన్న సెంట్రల్ స్టేషను గోపురంతో కలిపి ఒకే నడకలో చూసేయవచ్చు. గంటలు వినాలంటే తెల్లవారుజామునే వెళ్ళాలి, ఆ తరువాత బస్సుల హోరులో ఏమీ వినిపించదు. మౌంట్ రోడ్డు మీది పి. ఓర్ అండ్ సన్స్ అనే గడియారాల సంస్థ పాత భవనాన్ని బయటినుంచి చూస్తే చాలు.

అసలు విద్య కంటబడింది చెన్నైవారు ప్యారిస్ అని పిలిచే ప్యారీస్ కార్నర్ ప్రాంతంలో, ఒక మెట్లదారి కింద గాజుపెట్టె పెట్టుకొని వాచీలు బాగుచేసే పెద్దాయన దగ్గర. వారి పెద్దలది నెల్లూరట. తెలుగులో తమిళపు యాస దొర్లుతుంది. పని చూస్తూ కూర్చోవచ్చా అని అడిగితే, "చూడండి సార్, ముట్టుకోవద్దు. ముట్టుకోవడం వచ్చే ఏడు" అన్నారు. ఆయన మేనల్లుడికి కూడా మొదట్లో విడిభాగాలను పెట్రోలులో కడగడం, మరలను సైజుల వారీగా ఏరడం తప్ప మరో పని ఇవ్వలేదట. టీలు తెచ్చేదీ అతనే. ఇది నారదుడు ఒప్పుకోని చాకిరీ. ఆయన కంటికి భూతద్దం తగిలించుకొని పాత హెచ్‌ఎంటీ జనతా మూత తీసి చూపించారు. లోపలి చక్రం గంటకు 18,000 సార్లు, అంటే సెకనుకు అయిదుసార్లు కొట్టుకుంటుంది. దాని మీది చిన్న మీటను వెంట్రుకవాసి జరిపితే సన్నని స్ప్రింగులో ఆడే భాగం పొడవు మారుతుంది. పొడవు తగ్గితే వాచీ తొందరపడుతుంది, పెరిగితే వెనకబడుతుంది. ఈ మీటను చూశాక నా కథలో మంత్రాలకు చోటు లేకుండా పోయింది. ఆయన డబ్బు పుచ్చుకోలేదు కనుక నాన్నగారి పాత వాచీని శుభ్రం చేయించుకున్నాను. ఇలా వెళ్ళేవారు ఏదో ఒక పని పట్టుకెళ్ళడమే మర్యాద.

బసకు మొదట పెరియమేడులో ఒక లాడ్జీ తీసుకున్నాను. రిప్పన్ భవనానికి నడిచిపోయేంత దగ్గర, అద్దె తక్కువ. అంతకు మించి చెప్పుకోవడానికి ఏమీ లేదు. ఇరవైనాలుగు గంటల లెక్క అని బోర్డు పెట్టి, బిల్లు వేసేటప్పుడు మాత్రం రోజును మధ్యాహ్నం పన్నెండుకే ముగించారు. కాలంతో ఆడుకునే శిల్పులు అక్కడా ఉన్నారన్నమాట! తరువాత టీ నగర్‌లో వెంకటనారాయణ రోడ్డు వైపు మారాను. అద్దె ఎక్కువే అయినా గది శుభ్రంగా ఉంది, చుట్టుపక్కల తెలుగు వినిపిస్తుంది, పప్పు, గోంగూరతో భోజనం దొరుకుతుంది. మాంబళంలో లోకల్ రైలెక్కితే కోడంబాక్కం తరువాతి స్టేషనే నుంగంబాక్కం. అక్కడినుంచి కాలేజీ రోడ్డుకు ఆటో కావాలి, ఎక్కే ముందే బేరం తేల్చుకోవాలి. సెంట్రల్‌కు, ప్యారిస్ వైపుకు మెట్రో సుఖం. ప్యారిస్ వీధుల్లో ఆదివారం చాలా దుకాణాలు మూసి ఉంటాయి కనుక వాచీ పని చూడదలచినవారు ఆ రోజును రిప్పన్ భవనానికి, సెంట్రల్‌కు కేటాయించుకోవాలి.