బరంపురంలో మెడికల్ కోడింగ్ శిక్షణ: ప్రసవ అధ్యాయాన్ని ఎలా చెప్పారు

పర్లాకిమిడిలోని ఒక ప్రైవేటు నర్సింగ్ హోమ్‌లో ఆరేళ్లపాటు కాన్పుల గదిలో స్టాఫ్ నర్సుగా పనిచేసిన తరువాత, రోగి కేస్ షీటులోని జబ్బులను, చికిత్సలను నిర్ణీత కోడ్‌లుగా మార్చే మెడికల్ కోడింగ్ నేర్చుకోవాలని బరంపురంలోని ఒక శిక్షణ కేంద్రంలో చేరాను. మొత్తం 12 ఆదివారాల తరగతులు. 18 వేల రూపాయల ఫీజును రెండు వాయిదాల్లో కట్టించుకున్నారు. కోర్సు మొత్తాన్ని కాకుండా, నా చేతుల మీదుగా నడిచిన విషయం గనుక, అక్కడ వాడిన అమెరికా కోడ్‌ల పుస్తకం ఐసీడీ-10-సీఎంలో గర్భం, ప్రసవం, బాలింత దశలకు సంబంధించిన పదిహేనవ అధ్యాయాన్ని అక్కడ ఎలా బోధించారో మాత్రమే ఇక్కడ రాస్తున్నాను.

పాఠం చెప్పిన మేడమ్ ఇంగ్లీషులో మొదలుపెట్టి, ఎవరికి అర్థం కాకపోతే వారి కోసం ఒడియాలోనో తెలుగులోనో మళ్లీ చెప్పేవారు. ఈ అధ్యాయపు కోడ్‌లన్నీ ఓ అనే అక్షరంతో మొదలవుతాయని, దాన్ని సున్నాగా టైపు చేస్తే కోడ్ చెల్లదని మొదటి పది నిమిషాల్లోనే చెప్పి, మా చేత రాయించి చూశారు. తరువాత చెప్పినది అంతకన్నా ముఖ్యమైనది. ఓ కోడ్‌లు తల్లి రికార్డులోనే ఉండాలి, బిడ్డ రికార్డులో ఎప్పుడూ రాకూడదు. ప్రసవ ఫలితాన్ని తెలిపే జడ్37 తల్లి వైపు, జననాన్ని తెలిపే జడ్38 బిడ్డ వైపు ఉండాలి. నేను పనిచేసిన చోట తల్లీబిడ్డల వివరాలు ఒకే కేస్ షీటులో కలిసి ఉండేవి కాబట్టి, ఈ విభజన నాకు అలవాటు కావడానికి రెండు వారాలు పట్టింది.

ఈ కోర్సులో నాకు అన్నిటికన్నా నచ్చినది కాన్పు తరువాతి రక్తస్రావం గురించి చెప్పిన తరగతి. మేము వార్డులో దాన్ని పీపీహెచ్ అని ఒక్క మాటతో రాసి వదిలేస్తాము. మేడమ్ నాలుగు కేస్ షీట్లు పంచి, ప్రతి దానిలోనూ మాయ ఎప్పుడు పడిందో, రక్తం ఎప్పుడు పోయిందో ముందు వెతకమన్నారు. మాయ లోపలే చిక్కుకుని రక్తం పోతే ఓ72.0, మాయ పూర్తిగా పడిన తరువాత వెంటనే పోతే ఓ72.1, 24 గంటలు దాటిన తరువాత మొదలైతే ఓ72.2, మాయ పడకపోయినా రక్తస్రావం లేకపోతే అసలు ఆ వర్గమే కాదు, ఓ73. బాలింత పక్కన నిలబడి, కింద పెట్టిన గుడ్డ ఎన్నిసార్లు మార్చామో లెక్కపెట్టిన నేను, ఆ తేడాలన్నీ కళ్లారా చూసి కూడా కాగితం మీద ఎన్నడూ విడదీసి రాయలేదని ఆ రోజు గ్రహించి బాధపడ్డాను.

రక్తపోటు విషయంలోనూ అంతే శ్రద్ధ చూపారు. గర్భానికి ముందే ఉన్న బీపీకి ఓ10, గర్భంలో వచ్చి మూత్రంలో ప్రోటీన్ చెప్పుకోదగినంత లేనిదానికి ఓ13, ప్రీ ఎక్లాంప్సియాకు (గర్భంలో బీపీ పెరగడంతో పాటు మూత్రంలో ప్రోటీన్ వంటి ప్రమాద లక్షణాలు కనబడే స్థితి) ఓ14, ఫిట్స్ వస్తే ఓ15 అని విడదీశారు. చార్టులో 160/110 అని కనబడినంత మాత్రాన కోడర్ తనంతట తాను ప్రీ ఎక్లాంప్సియా అని నిర్ణయించకూడదని, డాక్టరు ఆ మాట రాసి ఉండాలని, రాయకపోతే అడిగి రాయించుకోవాలని గట్టిగా చెప్పారు. నర్సులుగా పనిచేసి వచ్చిన మాకు ఈ నియమం చాలా అవసరం, ఎందుకంటే రోగిని చూడగానే పేరు పెట్టేసే అలవాటు మాలో ఉంటుంది.

లోపాలు కూడా చెప్పాలి. అమెరికాలో 2015 అక్టోబరు 1 నుంచి వాడుతున్న ఈ కోడ్‌ల పుస్తకం ఏటా అక్టోబరు 1న మారుతుంది. మాకు ఇచ్చిన జిరాక్స్ నోట్సు మాత్రం రెండేళ్ల నాటిది. ఫీజు తీసుకున్న కేంద్రం కొత్త ప్రతి ఇవ్వకపోవడం నాకు న్యాయంగా తోచలేదు. ఉదాహరణలన్నీ అమెరికా రోగులవే. రాయగడ, కొరాపుట్ వైపు నుంచి వచ్చే గర్భిణులలో మలేరియాను, సికిల్ సెల్ రక్తహీనతను చూసిన మాకు, గర్భంలో మలేరియా వంటి వ్యాధులకు వాడే ఓ98.6 పక్కన మలేరియా రకాన్ని తెలిపే బి50 వంటి కోడ్‌ను, గర్భంలో రక్తహీనతకు వాడే ఓ99.0 పక్కన సికిల్ సెల్‌ను తెలిపే డి57ను ఎలా జతచేయాలో, ఓ కోడే ముందు ఎందుకు రావాలో ఒక్క అభ్యాసంలోనైనా చూపించి ఉంటే ఎంతో మేలు జరిగేది. అడిగితే మేడమ్ ఓపికగా చెప్పారు గానీ, అది పాఠంలో భాగంగా లేదు.

మన దేశంలో ఆసుపత్రి మరణానికి కారణం రాసే ఫారం 4 గురించి కోర్సులో ఒక్క మాట కూడా లేదు. చనిపోయినది స్త్రీ అయితే, ఆ మరణానికి గర్భంతో సంబంధం ఉందా, ఉంటే కాన్పు జరిగిందా అని ఆ ఫారం అడుగుతుంది. ఆ కారణాలకు కోడ్‌లు ఇచ్చేది అమెరికా పుస్తకంతో కాదు, ప్రపంచ ఆరోగ్య సంస్థ వర్గీకరణతో. అమెరికా ఆసుపత్రుల రికార్డులకు కోడింగ్ చేసే విశాఖపట్నం, హైదరాబాదు కంపెనీలలో ఉద్యోగం కోసం చేరేవారికి ఈ కోర్సు చాలు, ప్రసవ అధ్యాయం కోసమైతే నిస్సందేహంగా చేరవచ్చు. నాలా సరిహద్దు జిల్లాలలోనే ఉండి ఇక్కడి రికార్డులు సరిగా రాయాలనుకునేవారు మాత్రం, చేరేటప్పుడే ఫారం 4 కోసం ఒక ఆదివారం కేటాయించమని అడగండి. చివరి తరగతిలో నేను చూపించిన ఖాళీ ఫారాన్ని మేడమ్ తీసుకుని, తరువాతి బ్యాచ్ కోసమని జిరాక్స్ తీయించుకున్నారు.