పాత పుస్తకాల అంగడిలో సవాయ్ థియేటర్ చరిత్ర

తిరుపతిలో గోవిందరాజస్వామి గుడికి దగ్గరగా, ఒక ఇరుకు సందులో ఉన్న పాత పుస్తకాల అంగడికి నేను ఆరేళ్లుగా వెళ్తున్నాను. అక్కడ కొన్న పుస్తకాన్ని వారం రోజులు ఇంట్లో ఉంచుకుని చదివి, వద్దనుకుంటే తిరిగి ఇచ్చేయవచ్చు. 20 రూపాయలు పట్టుకుని మిగిలిన డబ్బు వాపసు చేస్తారు. గత నెల "ముందు చదివి చూడండి సామీ, డబ్బు ఎక్కడికి పోతుంది" అంటూ అంగడి యజమాని 350 రూపాయలకు నా చేతిలో పెట్టిన పుస్తకం, లండన్ సవాయ్ థియేటర్ చరిత్రను చెప్పే లావుపాటి ఆంగ్ల గ్రంథం.

మా ఊరి భారతానికి పద్దెనిమిది రోజులూ పగలు హరికథను, రాత్రి వీధినాటకాన్ని కుదిర్చే బాధ్యత చాలా ఏళ్లు నా మీద ఉండేది. కథ ముందే ఖాయం కాబట్టి ఏ జట్టును పిలవాలన్నదొక్కటే మేము తేల్చుకోవలసి వచ్చేది. సవాయ్ థియేటర్‌ను కట్టించిన రిచర్డ్ డాయిలీ కార్ట్ అనే నిర్మాతకు ఆ వెసులుబాటు లేదు. కథనూ పాటనూ కొత్తగా పుట్టించగల మనుషులను ఆయన వెతుక్కోవాలి. ఆ వెతుకులాట ఎలా సాగిందో తెలుసుకోవడానికే నేను ఈ పుస్తకం పట్టుకున్నాను.

1875లో కార్ట్ రాయల్టీ థియేటర్ మేనేజరుగా ఉన్నప్పుడు, అక్కడ ఆడుతున్న ఓఫెన్‌బాక్ అనే స్వరకర్త ఆపెరాకు (పాటలతో నడిచే నాటకానికి) తోడుగా వేయడానికి ఒక చిన్న నాటిక కావలసి వచ్చింది. కోర్టు విచారణ మీద నాటక రచయిత గిల్బర్ట్ రాసిన హాస్య నాటిక సిద్ధంగా ఉండగా, దానికి స్వరాలు కట్టడానికి స్వరకర్త సలివన్ తగినవాడని కార్ట్ నిర్ణయించాడు. 1871లోనే ఒకసారి కలిసి పనిచేసిన ఆ ఇద్దరినీ అంతవరకూ మళ్లీ ఎవరూ ఒకచోట చేర్చలేదు. గిల్బర్ట్ సలివన్ ఇంటికి వెళ్లి నాటిక వినిపించిన ఘట్టాన్ని నేను రెండుసార్లు చదివాను: చదివేకొద్దీ తన రాత తనకే నచ్చనట్లు కోపం తెచ్చుకుంటూ పోయి, చివరి మాట కాగానే ప్రతిని విసురుగా మూసేశాడట, వింటున్న సలివన్ మాత్రం మొదటినుంచీ పగలబడి నవ్వుతూనే ఉన్నాడట. మార్చి 25న 'ట్రయల్ బై జ్యూరీ' రంగస్థలం ఎక్కింది.

నన్ను ఎక్కువగా ఆలోచింపజేసింది 1883 నాటి ఒప్పందం. కార్ట్ ఆరు నెలల ముందు నోటీసు ఇస్తే, గిల్బర్ట్, సలివన్ కొత్త ఆపెరా రాసి ఇవ్వాలి. మరుసటి ఏడాది ఆయన నోటీసు ఇచ్చినప్పుడు, మంత్రపు బిళ్ల మింగితే మనుషులు మారిపోయే కథను గిల్బర్ట్ ముందుకు తేగా, అలాంటివి ఇక చాలని సలివన్ తిరస్కరించాడు. కార్ట్ పాత నాటకాలను మళ్లీ వేయించి థియేటర్ నడిపాడు. చివరికి గిల్బర్ట్ జపాన్ నేపథ్యంతో కథ అల్లాడు. 1885 మార్చి 14న మొదలైన ఆ 'మికాడో' 672 ప్రదర్శనలు ఆడింది.

1890లో ఆ జంట విడిపోయాక కార్ట్ చేసిన ఎంపికలను గ్రంథకర్త మరీ తొందరగా దాటేయడం నాకు నచ్చలేదు. ఎడ్వర్డ్ సాలమన్ స్వరపరచిన, మన దేశపు రాజాను, నాట్యగత్తెను ఊహించి రాసిన 'నాచ్ గర్ల్' (1891) 200 సార్లు ఆడింది. బారీ, కానన్ డాయిల్ వంటి పేరున్న రచయితలు కలిసి రాసిన 'జేన్ ఆనీ' (1893)కి స్వరకర్తగా, అంతకుముందే సవాయ్‌లో చిన్న నాటికకు సంగీతం కట్టిన ఎర్నెస్ట్ ఫోర్డ్‌ను తీసుకున్నారు. అది 50 ప్రదర్శనల దగ్గరే ఆగిపోయింది. రచయితల కీర్తిని చూసి చేసిన ఆ ఎంపికను, కోర్టు నాటికను చూసి చేసిన ఎంపిక పక్కన పెట్టి ఒక అధ్యాయమే రాయవచ్చు.

1891లో కార్ట్ కట్టించిన పెద్ద ఆపెరా భవనం గురించిన అధ్యాయంలో ఎనిమిది పేజీలు లేవు. సలివన్ 'ఐవన్‌హో' నూటయాభైకి పైగా ప్రదర్శనలు ఆడినా, దాని వెనుక వేయడానికి మరో ఆపెరా సిద్ధంగా లేక భవనం మూతపడిన సంగతి మిగిలిన పేజీలలో ఉంది. అమ్మేముందు పేజీలు సరిచూడకపోవడం అంగడివాళ్ల తప్పే. ఆ మాట చెప్పగానే యజమాని వాదించకుండా 50 రూపాయలు తగ్గించారు. వారం గడిచినా నేను పుస్తకం తిరిగి ఇవ్వలేదు.

మధ్యాహ్నం అంగడి మూసి ఉంటుంది కనుక సాయంత్రం నాలుగు తర్వాత వెళ్లడం మంచిది. నాటకాల పుస్తకాలు లోపలి గదిలో, ఎడమ పక్క కింది అరలో ఉన్నాయి. అక్కడ వెలుతురు తక్కువ, పేజీలు చూసుకోవడానికి పుస్తకాన్ని గుమ్మం దగ్గరికి తెచ్చుకోండి.