నేపాలీ స్టేజీ మీదికి ఏ పాట మేలు? కుటు మా కుటు, పూర్వ పశ్చిమ్ రేల్, సుర్కే థైలీ, రేశం ఫిరిరి

మన దసరా రోజుల్లోనే నేపాలీలకు దశైం. మన దీపావళికి వాళ్ళ తిహార్. గల్ఫ్ క్యాంపుల్లో జగిత్యాల, నిజామాబాద్ వైపు కుర్రాళ్ళూ నేపాల్ కుర్రాళ్ళూ పక్కపక్కనే బతుకుతారు కాబట్టి, ఆ పండగ ప్రోగ్రాముల్లో మనవాళ్ళు కూడా ఒక డాన్స్ వెయ్యడం మామూలే. మన దగ్గర నేపాలీ విద్యార్థులున్న ఇంజనీరింగ్ కాలేజీల్లోనూ అంతే. అక్కడ మొదలవుతుంది చర్చ: ఏ పాట తీసుకుందాం? నలుగురు నాలుగు లింకులు పంపుతారు. తిప్పి తిప్పి చూస్తే వాటిలో ఎక్కువ కామెడీ సినిమాల పాటలే ఉంటాయి.

తరచుగా పోటీకి వచ్చేవి నాలుగు. 2017లో వచ్చిన దుయ్ రుపైయాఁ సినిమాలోని కుటు మా కుటు, 2016 నాటి ఛక్కా పంజాలోని పూర్వ పశ్చిమ్ రేల్, 2015 నాటి వడా నంబర్ ఛలోని సుర్కే థైలీ ఖై, వీటన్నిటికంటే చాలా పాతదైన రేశం ఫిరిరి. చివరిది సినిమా పాట కాదు. అయినా లెక్కలోకి తీసుకోక తప్పదు, ఎందుకో తర్వాత చెబుతాను. నా ఓటు ముందే చెప్పేస్తున్నా: డాన్స్ వెయ్యాలంటే కుటు మా కుటు. అందరూ కలిసి పాడాలంటే మాత్రం అది కాదు.

ముందు ఈ కుటు సంగతి. రాసిందీ, బాణీ కట్టిందీ, మెలినా రాయ్‌తో కలిసి పాడిందీ రాజన్‌రాజ్ శివాకోటి. తెర మీద ఆడింది స్వస్తిమా ఖడ్కా. ఆసిమ్ షా తీసిన ఆ సినిమాలో ఆసిఫ్ షా, నిశ్చల్ బస్నేత్ హీరోలు. ఇప్పుడు సినిమా కథ చెప్పమంటే నేపాలీలలోనే చాలామంది తడుముకుంటారు. పాట మాత్రం యూట్యూబులో పది కోట్ల వీక్షణలు దాటిన మొదటి నేపాలీ పాటగా నిలిచింది. నేపాల్ జనాభా మొత్తం మూడు కోట్లు. అంటే దేశం దాటి, భాష దాటి వెళ్ళిందన్నమాట. అసోం, డార్జిలింగ్, సిక్కిం, భూటాన్, గల్ఫ్, మలేషియా, ఎక్కడ నేపాలీ మాట వినిపిస్తుందో అక్కడల్లా పెళ్ళిళ్ళలో ఇది మోగుతుంది.

ఎందుకింత పాకింది? నాకు కనిపించే కారణం ఒకటే. ఆ పాట సినిమా మీద ఆధారపడలేదు. పల్లవిలో ఉన్నది వక్కపలుకు, అది పంటి కింద నలిగే చప్పుడు, ఒక అబ్బాయి, ఒక అమ్మాయి, వాళ్ళ సరసం. కథలోని పాత్ర పేరు తెలియక్కర్లేదు, ముందు సీనులో ఏం జరిగిందో తెలియక్కర్లేదు. ఒకరు మాట విసిరితే ఇంకొకరు అందుకునే పద్ధతి కొండ పల్లెల దోహోరీది. అబ్బాయిలు ఒక వైపు, అమ్మాయిలు ఒక వైపు కూర్చుని అప్పటికప్పుడు కట్టిన చరణాలతో పోటీపడే ఆ పాటలకు ఖాట్మండులో ప్రత్యేకంగా రెస్టారెంట్లే ఉన్నాయి, దోహోరీ సాంఝ్ అంటారు. శివాకోటి ఆ సరసాన్ని తీసుకుని కింద గట్టి బీటు పెట్టాడు. వినేవాడికి అది పల్లె పాటలాగానూ ఉంటుంది, డీజే పాటలాగానూ ఉంటుంది. తెలంగాణలో జానపద పాటల వీడియోలు యూట్యూబులో ఊపేస్తున్న తీరు చూసినవాళ్ళకు ఈ కిటుకు వేరే చెప్పక్కర్లేదు.

స్టేజీ మీద దీని లాభం ఇంకొకటి ఉంది. పల్లవి మాటలు చిన్నవి, మళ్ళీ మళ్ళీ వచ్చేవి. నేపాలీ ఒక్క ముక్క రానివాడు కూడా రెండోసారికల్లా పెదవి కలుపుతాడు. మన నాలుకకు కష్టమైన అక్షరం ఒక్కటీ లేదు. స్టెప్పులు కూడా అంతే: మణికట్టు తిప్పడం, నడుము ఊపడం, భుజాలు ఎగరెయ్యడం. నేపాలీ కొండ నాట్యాల్లో ఉన్నవే ఇవన్నీ. కాళ్ళ పని తక్కువ కాబట్టి వారం రోజుల్లో గ్రూపు తయారవుతుంది. సినిమాలో ఉన్నది ఉన్నట్టు దించాలనుకుంటే మాత్రం టెన్షన్ తప్పదు, ఎందుకంటే చూసేవాళ్ళందరికీ స్వస్తిమా అడుగులు కంఠతా వచ్చు. సగం అక్కడివి, సగం సొంతవి పెట్టుకోవడం మంచిది.

లోటు ఏమిటంటే, అందరూ ఇదే వేస్తారు. తిహార్‌లో దేవుసీ, భైలో అని గుంపులు గుంపులుగా ఇంటింటికీ వెళ్ళి ఆడిపాడే ఆచారం ఉంది. ఆ గుంపులు పాత దేవుసీ పాట ముగించగానే ఎత్తుకునే సినిమా పాటల్లో ఇది ముందుంటుంది. ఒకే సాయంత్రం ఒకే స్టేజీ మీద రెండు టీములు కుటు వేసే ప్రమాదం నిజంగానే ఉంది. ప్రోగ్రామ్ చూసుకునే వాళ్ళను ముందే అడిగి పేరు రాయించుకోండి.

ఇక పూర్వ పశ్చిమ్ రేల్. ఈ నాలుగింటిలో నాకు తెలివైన పాటగా కనిపించేది ఇదే, కానీ స్టేజీకి చివరి ఎంపికగా చెప్పేదీ ఇదే. దీపాశ్రీ నిరౌలా దర్శకత్వంలో వచ్చిన ఛక్కా పంజా అప్పటిదాకా నేపాల్‌లో ఉన్న వసూళ్ళ రికార్డులను బద్దలు కొట్టింది, వరుసగా సీక్వెళ్ళు తెచ్చింది. కథలో ఊరి మగాళ్ళంతా పని కోసం పరాయి దేశాలకు పోవడం, వాళ్ళ వెనక ఇళ్ళలో జరిగేది, దాని మీద వేళాకోళం. నవ్విస్తూనే గుచ్చుతుంది. మన గల్ఫ్ వలస జిల్లాల వాళ్ళకు ఆ గుచ్చుడు ఎక్కడ తగులుతుందో వేరే చెప్పాలా?

పాటకు పేరు తెచ్చిన రైలు అసలు లేని రైలు. నేపాల్ తూర్పు కొస నుంచి పడమటి కొస దాకా, మేచీ నది నుంచి మహాకాళీ నది దాకా రైలు వేస్తామని నాయకులు ఏళ్ళ తరబడి చెబుతూ వచ్చారు. 2015 అక్టోబరులో కె.పి. శర్మ ఓలీ ప్రధాని అయ్యాక ఈ మాటలు మరీ జోరందుకున్నాయి. సముద్రమే లేని దేశానికి ఓడలు కూడా తెస్తామన్నారు. అప్పుడు దేశం ఏ స్థితిలో ఉందో గుర్తుచేసుకోవాలి: 2015 ఏప్రిల్‌లో భూకంపం, ఆ తర్వాత దక్షిణ సరిహద్దు మూసుకుపోయి నెలల తరబడి గ్యాసుకూ పెట్రోలుకూ కటకట. వంటకు కట్టెలు ఏరుకుంటున్న జనానికి రైలు కథలు వినిపిస్తే ఏం చేస్తారు? నవ్వుకుంటారు. అలాంటి రోజుల్లో వచ్చిన రైలు పాట జనం నోళ్ళలో నానింది.

మరి ఆ నవ్వు మనకు అందుతుందా? నేపాలీ మిత్రుడు పక్కన కూర్చుని చెబితే అందుతుంది. స్టేజీ మీద మూడు నిమిషాల్లో అందదు. పైగా నవ్వుకు కాలదోషం పడుతుంది. 2022 ఏప్రిల్‌లో బిహార్‌లోని జయనగర్ నుంచి నేపాల్‌లోని జనక్‌పూర్ మీదుగా కుర్థా దాకా 35 కిలోమీటర్ల బ్రాడ్‌గేజ్ మీద ప్యాసింజర్ రైలు మొదలైంది. అది తూర్పు పడమర రైలు కాదు గానీ, రైలు అనగానే ఒకప్పుడు వచ్చినంత పగలబడి నవ్వు ఇప్పటి పిల్లలకు రాదు. అందుకే అంటున్నా, ప్రేక్షకుల్లో నూటికి తొంభై మంది నేపాలీలై, అందులోనూ ముప్పై దాటినవాళ్ళు ఎక్కువుంటే ఈ పాట వెయ్యండి, ఈలలు మోగుతాయి. కలగలుపు జనం ఉంటే వద్దు.

సుర్కే థైలీ గురించి పెద్దగా చెప్పేదేం లేదు. ఇదీ శివాకోటి బాణీయే, కుటు కంటే రెండేళ్ళు ముందుది. టీవీలో తీతో సత్య సీరియల్‌తో ఇంటింటికీ తెలిసిన దీపక్‌రాజ్ గిరి, దీపాశ్రీ నిరౌలా జట్టు సినిమాకు వచ్చి కొట్టిన హిట్టు వడా నంబర్ ఛ. ఈ పాటలో ప్రియాంకా కార్కీ ఆడింది. సుర్కే థైలీ అంటే మన అమ్మమ్మలు బొడ్లో దోపుకునే వక్కాకు సంచి లాంటిదే, దారం లాగితే మూతి బిగుసుకుంటుంది. ఆ సంచి ఏదీ అని అడగడమే పాట. హుషారుకు లోటు లేదు. కానీ తీరు కొంచెం ఐటమ్ సాంగ్ వైపు ఒరుగుతుంది. కుర్రాళ్ళ హాస్టల్ డేకి బాగుంటుంది. కుటుంబాలు, పిల్లలు, ఎంబసీ నుంచి వచ్చిన ముఖ్య అతిథి ముందు వరసలో ఉంటే కుటుయే నయం. రెండూ వినిపించి చూడండి, కుటులో అదే చెయ్యి ఇంకాస్త సానపట్టుకుని వచ్చిందని మీకే తెలుస్తుంది.

ఇప్పుడు రేశం ఫిరిరి. దీన్ని సినిమా పాటల పక్కన ఎందుకు పెట్టానంటే, పై మూడు పాటలూ ఏ జానపద ఖజానాలోంచి అప్పు తెచ్చుకున్నాయో ఆ ఖజానాకు ప్రపంచంలో అందరికంటే ఎక్కువ మందికి తెలిసిన ముఖం ఇదే. బుద్ధి పరియార్ బాణీ, సుందర్ శ్రేష్ఠ మాటలు. 1960ల చివర్లో రేడియో నేపాల్ ద్వారా ఊరూరికీ చేరింది. ఇప్పుడు అన్నపూర్ణ, ఎవరెస్ట్ దారుల్లో ట్రెకింగ్‌కి వెళ్ళిన ఏ దేశం వాడైనా సరే, సాయంత్రం పొయ్యి దగ్గర గైడ్లు, పోర్టర్లు పాడుతుంటే వినకుండా తిరిగి రాడు. ఖాట్మండులో థమేల్ వీధుల్లో సారంగీలు అమ్మేవాళ్ళు తీగ మీద ముందు పలికించేది కూడా దీన్నే.

గాలికి పట్టు గుడ్డలా రెపరెపలాడుతూ కొండల మీదా కనుమల మీదా ఎగిరిపోదామా అని పల్లవి. చరణంలో ఒంటి గొట్టం తుపాకీ, జోడు గొట్టాల తుపాకీ, గురి జింక మీద. వెంటనే మాట మారుస్తాడు: నేను గురిపెట్టింది జింకకు కాదు, నా ప్రేమను పిలుస్తున్నానంతే. ఈ కొంటెతనం చూడండి. కుటులో ఉన్న సరసానికి తాత ఇక్కడే కూర్చున్నాడు.

ఈ పాటకు స్పీకర్లు అక్కర్లేదు. ఒక మాదల్, ఒక సారంగి, అవీ లేకపోతే చప్పట్లు. మాదల్ మన మద్దెలకు దగ్గర చుట్టమే, నడుము దగ్గర అడ్డంగా కట్టుకుని రెండు చేతులా వాయిస్తారు. డోలక్ వచ్చినవాడు గంటలో దరువు పట్టేస్తాడు. కుటును ఇలా ఒట్టి దరువు మీద పాడి చూడండి, సగం ఊపు పోతుంది. ఎందుకంటే ఆ ఊపులో సగం రికార్డింగు బేస్‌లో ఉంది. కరెంటు మీద నమ్మకం లేని చోట, బస్సులో, పిక్నిక్‌లో, క్యాంపు డాబా మీద, రేశం ఫిరిరి ముందు ఏదీ నిలవదు. ముసలివాళ్ళు, పిల్లలు, పాట రాని అల్లుడు, అందరూ గొంతు కలుపుతారు.

మరి డాన్స్‌కు? నెమ్మది. నిజం చెప్పాలంటే గ్రూపు డాన్స్‌గా వేస్తే రెండో నిమిషంలో ఫోన్లు బయటికొస్తాయి. దీని మీద బోలెడు రీమిక్సులున్నాయి గానీ నాకు అవి నచ్చవు. పాటలో ఉన్న తీరికే దాని అందం, దాన్ని తరిమితే ఇంకేం మిగులుతుంది? స్కూలు పిల్లల ప్రోగ్రామ్ అయితే వేరు. గున్యూ చోలో (వాళ్ళ చీర, రవిక) కట్టిన ఆడపిల్లలు, రంగురంగుల నేత గుడ్డతో కుట్టిన ఢాకా టోపీలు పెట్టిన మగపిల్లలు మెల్లగా చేతులు ఊపుతూ వస్తే అమ్మానాన్నలకు అంతకంటే ఏం కావాలి. ఆ వయసు పిల్లలతో కుటు వేయించడం నాకైతే ఎబ్బెట్టుగా ఉంటుంది, పాట బూతు కాదు గానీ అందులోని సరసం పెద్దవాళ్ళది.

బట్టల ఖర్చు కూడా చూసుకోవాలి. నాలుగు పాటలకూ ఒకే బట్టలు సరిపోతాయి: ఆడవాళ్ళకు చోలో, నడుముకు చుట్టే పటుకా, మగవాళ్ళకు ఢాకా టోపీ. ఢాకా గుడ్డ అనగానే నేపాలీలకు గుర్తొచ్చేది వాళ్ళ పాల్పా జిల్లా. గల్ఫ్‌లో నేపాలీ కొట్లలో టోపీలు దొరుకుతాయి. అయితే ఆ టోపీని ఆటలో కిందపడెయ్యడం, కాలితో తన్నడం లాంటి స్టెప్పులు వద్దు. అది వాళ్ళకు మర్యాదకు సంబంధించిన వస్తువు, నవ్వుతూ చూస్తారు గానీ లోపల నొచ్చుకుంటారు.

టైము పది నిమిషాలు ఇచ్చారనుకోండి, నేనైతే ఇలా కడతాను. మాదల్ ఒక్కదాని మీద రేశం ఫిరిరి పల్లవి, తుపాకీ చరణం, జనం చేత పాడించి ఆపేస్తాను. చప్పట్లు తగ్గకముందే కుటు రికార్డు వేసి టీమును దింపుతాను, పాట పూర్తిగా కాకుండా రెండు చరణాలకు కత్తిరించి. వన్స్ మోర్ అంటే మళ్ళీ కుటు కాదు, సుర్కే థైలీ పల్లవి ఒక్కటి, అదీ ముందు వరస చూసుకుని. రైలు పాట ఎవరైనా అడిగితే మైకు నేపాలీ మిత్రుడికి ఇచ్చి మనం పక్కకు తప్పుకోవడమే, ఆ జోకు చెప్పాల్సింది వాళ్ళే.