రాణి పాదాల కింద జిల్లాలు

ముప్పై ఏళ్ళు సర్వే శాఖలో గొలుసు లాగాను. రిటైరయ్యాక మా అమ్మాయి దగ్గరికి ఇంగ్లండ్ వెళ్ళడం ఇది రెండోసారి. మొదటిసారి అందరూ చూసేవే చూసి వచ్చాం. ఈసారి "ఏం చూస్తావు నాన్నా?" అని అడిగితే, పాత పటాలు అన్నాను. మా ఆవిడ నవ్వింది. "ఎఫ్ఎంబీలు, ఆ పొలాల కొలతల పుస్తకాలు, చూసి చూసి విసుగు రాలేదా మీకు?" అంది.

రాలేదు. మనం పొలం కొలిచిన గొలుసు అసలు వాళ్ళదే. ఎడ్మండ్ గంటర్ అనే ఇంగ్లీషు గణిత పండితుడు 1620లో ప్రచారంలోకి తెచ్చినది. 66 అడుగులు, 100 లింకులు. పది చదరపు గొలుసులు ఒక ఎకరం. మన పది సెంట్ల స్థలం అంటే సరిగ్గా ఒక చదరపు గొలుసు. ఆ గొలుసు పుట్టక ముందే దేశమంతా తిరిగి ప్రతి కౌంటీకీ, అంటే జిల్లాకీ, పటం గీసినవాడు ఒకడున్నాడు. క్రిస్టఫర్ శాక్స్టన్, యార్క్‌షైర్ మనిషి. 1574లో మొదటి పటాలు అచ్చయ్యాయి. 1579కి ఇంగ్లండ్, వేల్స్ మొత్తం ఒక అట్లాసుగా వచ్చింది. ఐదు రోజుల మా ప్రయాణం ఆయన వెనక నడిచిందే.

మొదలు లండన్. నేషనల్ పోర్ట్రెయిట్ గ్యాలరీకి టికెట్ అక్కర్లేదు. అక్కడ డిచ్లీ చిత్రం ముందు అరగంట నిలబడ్డాను. 1592 ప్రాంతంలో మార్కస్ గీరార్ట్స్ గీసిన నిలువెత్తు ఎలిజబెత్ రాణి. ఆమె నిలబడింది నేల మీద కాదు, ఇంగ్లండ్ పటం మీద. శాక్స్టన్ పటమే దానికి ఆధారం. కౌంటీకి ఒక రంగు, నదులు, ఊళ్ళు, అన్నీ తెల్లటి గౌను అంచు కింద. పాదాలు ఆక్స్‌ఫర్డ్‌షైర్ మీద ఆనాయి, ఎందుకంటే బొమ్మ వేయించిన సర్ హెన్రీ లీ ఇల్లు డిచ్లీ అక్కడే ఉంది. రాణికి కోపం తెప్పించి, మళ్ళీ దయ సంపాదించుకున్న మనిషి ఆయన. పగ తీర్చుకోగలదు గానీ తీర్చుకోదు అని లాటిన్‌లో రాయించాడు కూడా. అంత దేశం ఉండగా రాణి నా ఊళ్ళోనే అడుగు పెట్టింది చూడండి అని చెప్పుకోవడం! మన దగ్గర మంత్రిగారు వచ్చిన ఫొటో ఫ్లెక్సీ వేయించినట్టే.

వెస్ట్‌మినిస్టర్ అబ్బేకి మనిషికి 30 పౌండ్ల దాకా అయింది. ఎలిజబెత్ సమాధి, దాని కిందే అక్క మేరీ. మేరీకి విడిగా విగ్రహం లేదు, ఒక లాటిన్ వాక్యంతో సరిపెట్టారు. నాకు కావాల్సినవాళ్ళు వేరే. కౌంటీల చరిత్రను 'బ్రిటానియా'గా 1586లో అచ్చువేసిన విలియం కామ్డెన్ స్మారకం అక్కడే ఉంది. బెంగాల్ సర్వే చేసిన జేమ్స్ రెన్నెల్‌ను పాతిపెట్టిందీ అక్కడే. జనం తోపులాటలో రెండు నిమిషాల కన్నా నిలబడనివ్వరు. ఆడియో గైడు టికెట్‌లోనే వచ్చింది, బాగుంది. అయినా పటాల కోసమే వెళ్ళేవాళ్ళు ఈ డబ్బు మిగుల్చుకోవచ్చు.

బ్రిటిష్ లైబ్రరీలో నాకు నిరాశ. రాణి ముఖ్య సలహాదారు లార్డ్ బర్లీ, శాక్స్టన్ పటాల ప్రూఫులను అచ్చవుతున్న కొద్దీ తెప్పించుకుని పుస్తకంగా కుట్టించుకున్నాడు. వాటి మీద తన చేత్తో పేర్లు రాసుకున్నాడు. ఏ కౌంటీలో ఎవడు పెద్దమనిషి, తీరంలో ఎక్కడ దిగితే ప్రమాదం అన్నది ఆయన చింత. ఆ పుస్తకం ఈ లైబ్రరీదే, కానీ మేం వెళ్ళిన రోజు చూపుకి పెట్టలేదు. ముందే రీడర్ పాస్‌కి ప్రయత్నించి ఉండాల్సింది, తప్పు నాదే.

శాక్స్టన్ గురించి నాకు బాగా నచ్చిన సంగతి ఒక తాఖీదు. 1576 జూలైలో ప్రీవీ కౌన్సిల్, అంటే రాణి సలహా మండలి, వేల్స్ అధికారులకు పంపింది. ఈయన్ని ఏ బురుజుకైనా, కోటకైనా, కొండకైనా తీసుకెళ్ళి చుట్టూ ప్రాంతం చూపించండి, ఊరు బాగా తెలిసిన ఇద్దరు ముగ్గురు నమ్మకస్థుల్ని తోడివ్వండి, పక్క సంత ఊరి దాకా ఇంగ్లీషూ వెల్షూ రెండూ వచ్చిన గుర్రపు రౌతును పంపండి అని. చదివితే నా మొదటి పోస్టింగ్ గుర్తొచ్చింది. జేబులో తహసీల్దారు గారి కాగితం, పక్కన తలారి. కాగితం లేకపోతే ఊళ్ళో మంచినీళ్ళు కూడా ఇవ్వరు, తలారి లేకపోతే హద్దురాయి దొరకదు. మన దగ్గర సర్వే చేసిన కల్నల్ మెకంజీకి తోడుగా కావలి సోదరులు లేకుండా మన కైఫియత్తులు, ఆ ఊరూరి చరిత్రలు, వచ్చేవా?

ఆక్స్‌ఫర్డ్‌లో ఒక కాలేజీ గదిలో దిగాం. వేసవి సెలవుల్లో విద్యార్థుల గదులు బయటివాళ్ళకు అద్దెకిస్తారు. గది చిన్నది, మంచం ఇంకా చిన్నది, మూడో అంతస్తుకు లిఫ్టు లేదు. మా ఆవిడ మోకాళ్ళ సంగతి బుకింగ్‌లో రాయలేదని అమ్మాయికి చీవాట్లు పడ్డాయి. కానీ పొద్దున పాత డైనింగ్ హాల్లో పొడవాటి బల్లల దగ్గర టిఫిన్ తింటుంటే మోకాళ్ళు ఎవరికీ గుర్తు రాలేదు. శాకాహారులకు బీన్సు, పుట్టగొడుగులు, టోస్టు, అంతే. ఊరగాయ సీసా మాతోనే ఉంది కాబట్టి సరిపోయింది.

వెస్టన్ లైబ్రరీ హాలులోకి వెళ్ళడానికి టికెట్ అక్కర్లేదు. ఇది బాడ్లియన్ అనే యూనివర్సిటీ లైబ్రరీలో భాగం. షెల్డన్ వస్త్రపటాలు వాళ్ళ దగ్గర కొన్ని ఉన్నాయి. రాల్ఫ్ షెల్డన్ అనే క్యాథలిక్ భూస్వామి 1590 ప్రాంతంలో తన ఇంటి గోడలకు నాలుగు కౌంటీల పటాల్ని ఉన్ని, పట్టు దారాలతో నేయించాడు. శాక్స్టన్ పటమే నమూనా. అప్పటి చట్టం క్యాథలిక్కులను వేధిస్తున్న కాలం. అయినా ఇంట్లో రాణి పటాన్నే గోడంత చేసి వేలాడదీశాడు. భయంతోనా, ఊరి మీద ప్రేమతోనా? ఆక్స్‌ఫర్డ్‌లో చూసిన ముక్కతో నాకు తేలలేదు. వారిక్‌లో కొంత తేలింది.

వారిక్‌కి రైలు లీమింగ్టన్ స్పాలో మారాలి. మా రైలు 50 నిమిషాలు ఆలస్యం. ఇలా ఆలస్యమైతే టికెట్ ఫొటో పెట్టి ఆన్‌లైన్‌లో డబ్బు వెనక్కి అడగొచ్చు. మాకు రెండు వారాల్లో సగం వచ్చింది. మీరూ వదలకండి. బస మాత్రం దెబ్బ కొట్టింది. పబ్బు పైన గది తీసుకున్నాం. "పాతకాలపు అందం" అని రాశారు, కింద శుక్రవారం రాత్రి పాటల సంగతి రాయలేదు. పన్నెండున్నర దాకా నిద్ర లేదు. అడిగితే చెవిలో పెట్టుకునే దూది బిళ్ళలు ఇచ్చారు!

మార్కెట్ హాల్ మ్యూజియం 1670లో కట్టిన చిన్న భవనం. అక్కడున్న వారిక్‌షైర్ పటం నాలుగింటిలోనూ బాగా మిగిలినది. ఈ ఒక్క గది కోసం ఇంత దూరం రావచ్చు. కొండలు చెదల పుట్టల్లా ఉంటాయి, అడవులు గుబురు చెట్లు, పెద్దల వేట తోటల చుట్టూ కర్ర కంచెలు. కెనిల్‌వర్త్, కవెంట్రీ, ప్రతి పల్లెకూ ఒక చర్చి. శాక్స్టన్ అచ్చు పటంలో రోడ్లు లేవు. నా కళ్ళు అలవాటుగా హద్దు మీదికి పోయాయి. రాణి గుర్తు, షెల్డన్ వంశం గుర్తు, రెండూ ఉన్నాయి. కానీ గది మధ్యలో నిలబడితే కనపడేది అవి కాదు, ఊళ్ళు. శాక్స్టన్ అట్లాసు తెరిస్తే మొదట సింహాసనం మీద రాణి, ప్రతి పేజీలో రాజచిహ్నం. పటం ఆమెది. ఇక్కడ పటం ఇంటివాడిది. పెద్దామె ఒకావిడ వచ్చి తన పల్లె ఎక్కడుందో వేలితో చూపించింది. నాలుగు వందల ఏళ్ళ పైబడిన దారపు పోగులో ఆమె ఊరు! మ్యూజియం వలంటీరు ఏ ప్రశ్నకూ విసుక్కోలేదు.

అక్కడి నుంచి సెయింట్ మేరీస్ చర్చికి నడక దూరం. రాణికి ఇష్టుడైన లెస్టర్ ప్రభువు సమాధి చూడ్డానికే చాలామంది వస్తారు. పక్కనే ఫుల్క్ గ్రెవిల్ సమాధి దగ్గర ఎవరూ లేరు. జాన్ స్పీడ్ అనే దర్జీకి కత్తెర వదిలి పటాలు గీసుకునే వీలు కల్పించినవాడు ఈయనే. స్పీడ్ పటాల్లో ఊరి ప్లాను, ప్రభువుల చిహ్నాలు, పాత యుద్ధాలు, హండ్రెడ్ అనే మన ఫిర్కాల్లాంటి విభాగాల హద్దులు, అన్నీ ఇరికించాడు. ఆ అట్లాసు 1611-12లో వచ్చింది. పేరులో "గ్రేట్ బ్రిటన్ సామ్రాజ్యం" అని పెట్టాడు. ఎలిజబెత్ తర్వాత వచ్చిన జేమ్స్ రాజుకు ఆ మాటంటే ప్రాణం గానీ, స్కాట్లండ్‌తో చట్టప్రకారం కలయిక 1707 దాకా జరగనే లేదు. పటంలో ముందు కలిపేశారు. వారిక్ కోటకు టికెట్ ఎక్కువ, పిల్లల హడావిడి. బయటి నుంచి వంతెన మీద చూసి వచ్చేశాం, బాధ లేదు. కెనిల్‌వర్త్ శిథిలాలు మాత్రం మానకండి. 1575లో లెస్టర్ రాణికి 19 రోజులు విందు చేసిన చోటు. శనివారం వెళ్ళాం కాబట్టి కేఫ్‌లో కుర్చీ దొరకలేదు.

తిరిగి లండన్‌లో ఆఖరి సాయంత్రం స్పీడ్ సమాధి ఉన్న సెయింట్ జైల్స్ చర్చి కోసం బార్బికన్‌లో పడ్డాం. సిమెంటు మేడలు, గాల్లో నడక దారులు. నేల మీద పసుపు గీత వేశారు దారి తప్పకుండా. ఫోన్ మ్యాపు ఒకవైపు చూపిస్తే గీత ఇంకోవైపు పోయింది. ముప్పై ఏళ్ళ సర్వేయరు రెండుసార్లు తిరిగిన చోటికే వచ్చాడు. మా ఆవిడ చివరికి ఒక కాపలా మనిషిని అడిగింది. ఆయన ముందు నడిచి తలుపు దాకా తీసుకెళ్ళాడు. లోపల దర్జీగారి విగ్రహం గోడలో ఒక గూట్లో ఉంది. 1940 బాంబుల్లో చర్చి కాలిపోయినా అది మిగిలింది. "అదుగో మీ వాడు" అంది మా ఆవిడ, పక్క బెంచీ మీద కూర్చుని మోకాలు నొక్కుకుంటూ.